సొసైటీ ప్లాటు: టీకా తాత్పర్య సహితం

మూలం

తే.గీ.
షేరు కొంటిని సంఘాన జేరినాడ
ప్లాటు నీదని లేఖలో పలికినారు
నలువదేండ్లాయె నంబరే నాకు మిగిలె
నేల నింకొక్కడే గోడ నిలిపినాడు

అవతారిక: హైదరాబాదు శివారులోని ఒక సహకార గృహనిర్మాణ సంఘం సర్వసభ్య సమావేశంలో, మైకు చేతికి రాని విశ్రాంత ఉద్యోగి ఒకరు లేచి నిలబడి ఆశువుగా చెప్పిన పద్యమిది. మినిట్సు పుస్తకంలోకి ఎక్కలేదు.

ప్రతిపదార్థం: షేరు కొంటిని = వాటా ధనం కట్టి రసీదు పుచ్చుకొన్నాను; సంఘానన్ = సహకార సంఘంలో; చేరినాడన్ = సభ్యుడినయ్యాను (జంటనగరాల్లో నా పేరగానీ, నా భార్య పేరగానీ ఇల్లూ స్థలమూ లేవని స్టాంపు కాగితం మీద ప్రమాణం చేసి, అని అధ్యాహారం. ఆ ప్రమాణం చేసినవారిలో ఎందరికి నిజంగా లేవో ఇక్కడ అప్రస్తుతం); లేఖలో = సెక్రటరీ గారి ఊదారంగు ముద్ర పడిన అలాట్‌మెంటు లెటరులో; ప్లాటు నీదని పలికినారు = అలా చెప్పారు (రిజిస్టరు చేశారని కాదు); నంబరే = నంబరు మాత్రమే (ఏవకారం వల్ల హద్దురాళ్లు లేవనీ, లేఅవుటులో గీసిన రోడ్డు లేదనీ, పార్కు కూడా ప్లాట్లయిపోయిందనీ ధ్వని); నేలను = ఆ స్థలంలో; ఇంకొక్కడే = వేరొకడు; గోడ నిలిపినాడు = కట్టేశాడు.

తాత్పర్యం: డబ్బు నాది, కాగితం నాది, స్థలం వాడిది.

విశేషాలు: ‘ఇంకొక్కడు’ ఎవడు? ఈ ఒక్క మాట తేలితే కేసే తేలిపోతుంది. వాడు ఇంకో సభ్యుడని కొందరు. పాత పాలకవర్గం ఇచ్చిన నంబరునే కొత్త పాలకవర్గం, సీనియారిటీ జాబితాను తిరగరాసి, మరొకరికి ఇవ్వడం ఎరగని సంగతి కాదు. అలాగైతే తగవు 1964 నాటి సహకార సంఘాల చట్టం 61వ సెక్షను కింద రిజిస్ట్రారు ముందుకు పోతుంది. అక్కడ ఓడితే ట్రిబ్యునలు. సంఘం వ్యవహారంలో సివిలు కోర్టు వేలు పెట్టకూడదని అదే చట్టం 121వ సెక్షను.

కాదు, వాడు పట్టాదారు మనవడని ఇంకొందరు. నాకు ఇదే సమంజసంగా తోస్తుంది. సంఘాలు చాలావరకు రైతుల దగ్గర అగ్రిమెంటు మీదే భూమి తీసుకున్నాయి. అంతలో 1976లో పట్టణ భూపరిమితి చట్టం వచ్చి పడింది. 2008లో మన రాష్ట్రం దాన్ని వదిలించుకునేదాకా ఎన్నో లావాదేవీలు అక్కడే చిక్కుకున్నాయి. ఈలోగా తాతగారు పోయారు, ఎకరం ధర ఆకాశానికంటింది, మనవడికి పాస్‌బుక్కు గుర్తొచ్చింది. మనవడు సభ్యుడు కాడు గనుక రిజిస్ట్రారు దగ్గరికి రాడు. వాడి మీద సివిలు కోర్టుకే పోవాలి. అక్కడ మొదట అడిగేది రిజిస్టర్డు దస్తావేజు. అదేమో సంఘం చేసివ్వాలి. సంఘం చేత చేయించాలంటే మళ్లీ రిజిస్ట్రారు. కవి నలభై ఏళ్లు ఎక్కడ గడిపాడో ఇప్పుడు బోధపడుతుంది.

శంక: అలాట్‌మెంటు లెటరు చాలదా? సమాధానం: చాలదు. వంద రూపాయలు, ఆపై విలువగల స్థిరాస్తి అమ్మకం రిజిస్టరు కావలసిందేనని చట్టం. శంక: జీపీఏ చేయించుకుంటే? సమాధానం: జనరల్ పవరాఫ్ అటార్నీతో హక్కు బదిలీ కాదని 2011లో సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది. అయినా నోటరీ బల్లల దగ్గర రద్దీ తగ్గలేదు.

‘నలువదేండ్లు’ అన్నది పద్యపూరణకు వేసిన మాట కాదు. హక్కుదారు స్వాధీనం కోరుతూ దావా వేయడానికి లిమిటేషను చట్టం 12 ఏళ్లే ఇచ్చింది, అదీ అవతలివాడి ఆక్రమణ బాహాటమైన నాటి నుంచి. కనుకనే గోడ కట్టినవాడు గోడతో ఆగడు; మూలన రేకుల గది వేస్తాడు, దానికో కరెంటు మీటరు, కాపలాకు ఒక కుటుంబం, గేటు మీద ఇంజంక్షను నంబరుతో బోర్డు. ఆ బోర్డులో అక్షరాలు మాత్రం ముత్యాల్లా ఉంటాయి.

సంఘమంటే సామాన్యులదేనన్న భ్రమ కూడదు. జీహెచ్‌ఎంసీ పరిధిలో ప్రజాప్రతినిధులు, అధికారులు, న్యాయమూర్తులు, పాత్రికేయుల సంఘాలకు ఇచ్చిన భూకేటాయింపులను 2024లో సుప్రీంకోర్టు కొట్టేసింది. వాళ్లకు డబ్బు వడ్డీతో వాపసు ఇమ్మన్నారు. మన కవికి ఆ యోగమూ లేదు.

అలంకారం: వాటా ధనం, ప్రమాణపత్రం, కేటాయింపు అనే కారణాలన్నీ ఉన్నా స్థలమనే కార్యం కలగలేదు కనుక మొదటి మూడు పాదాల్లో విశేషోక్తి. దస్తావేజు అనే కారణం లేకుండానే గోడ అనే కార్యం పుట్టింది కనుక నాలుగో పాదంలో విభావన. ఇంత చిన్న పద్యంలో రెంటినీ ఇమిడ్చినందుకు కవిని మెచ్చుకోవాలి. ఇమిడ్చే అవకాశం కల్పించిన పాలకవర్గాన్ని కూడా.

పాఠాంతరం: కొన్ని ప్రతుల్లో ‘గోడ’కు బదులు ‘మేడ’ అని ఉంది. గణాలు చెడవు. స్థలం చూసివచ్చినవారు రెండో అంతస్తు శ్లాబు పడిందంటున్నారు కాబట్టి ఈ పాఠమే గ్రాహ్యం.