దేవుడు మైనరు, పూజారి రిటైరు

దేవుడికి ఆస్తులుంటాయి. ఆయన పేరున దావా వెయ్యొచ్చు, ఆయన మీదా వెయ్యొచ్చు. కాకపోతే చట్టం లెక్కలో ఆయన ఎప్పటికీ మైనరే, యుగాలు మారినా మేజరు కాడు. అందుకే తన గుళ్లో హారతి ఎవరివ్వాలో, పులిహోర ఎవరు కలపాలో తేల్చే అధికారం ఆయనకు లేదు. ఆ భారమంతా ధర్మకర్తలు, ఈవో, దేవాదాయ కమిషనరు, ప్రభుత్వం, ఆఖరికి హైకోర్టు మోస్తున్నాయి. మైనరు స్వామికి ఇందరు సంరక్షకులుండీ ఖాళీలు మాత్రం నిండవు.

నిజానికి సూత్రం తేలికే. అర్చకుణ్ణి నియమించడం లౌకికమైన పని, ఆయన చేసే పూజ మాత్రం ఆగమం ప్రకారం జరగాలి అని 1972లోనే శేషమ్మాళ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పేసింది. గడప ఇవతల సర్వీసు రూల్సు, అవతల వైఖానస ఆగమం. బాగానే ఉంది. చిక్కల్లా, మనవాళ్లు ఆ గడపను చంకలో పెట్టుకు తిరుగుతారు. అర్చకుడు జీతం పెంచమంటే "మీది ఉద్యోగమేమిటి స్వామీ, భగవత్కైంకర్యం కదా!" అంటారు. అదే స్వామి ఎదురు మాట్లాడితే తెల్లారేసరికి ఉద్యోగి అయిపోతాడు, మెమో చేతికొస్తుంది.

తిరుమలలోనే చూడండి. అర్చకులకు 65 ఏళ్లు నిండితే విశ్రాంతి అని 2018 మేలో పాలకమండలి తీర్మానించింది. ప్రధాన అర్చకులు ఇంటికెళ్లారు, వ్యవహారం కోర్టుకెక్కింది. 2021 ఏప్రిల్లో అలా వెళ్లినవాళ్లను మళ్లీ విధుల్లోకి రమ్మన్నారు. మధ్యలో ఆగమం మారలేదు. ప్రభుత్వం మారింది.

వంశపారంపర్యం కథ ఇంకా పొడుగు. 1987 నాటి ఆంధ్రప్రదేశ్ దేవాదాయ చట్టం 34వ సెక్షనుతో అర్చకుల, మిరాశీదార్ల వారసత్వ హక్కు రద్దయింది, 144వ సెక్షనుతో హుండీలో వాటాలూ పోయాయి. 1996లో సుప్రీంకోర్టు సరే అంది. 2007లో శాసనసభ చట్టం సవరించి, అర్హత ఉంటే అర్చక కుటుంబాలవాళ్లే కొనసాగొచ్చంది. దాన్ని అమల్లో పెట్టే జీవో ఆంధ్రప్రదేశ్‌లో 2019లో వచ్చింది. తాత హక్కును చట్టం తీసేసింది, తండ్రి వాదనను కోర్టు కొట్టేసింది, మనవడికి జీవో దక్కింది. ఆ మనవడు ఈలోగా మాదాపూర్‌లో సాఫ్ట్‌వేరులో చేరిపోయినా, హక్కు దావాలో మాత్రం వాదిగా ఉంటాడు. నిత్యార్చన ఎవరు చేస్తున్నారని అడిగితే, "మా బాబాయిగారి బావమరిది" అంటాడు. పుట్టుక కాదు, మంత్రతంత్రాలు నేర్చాడా లేదా అన్నదే చూడాలని 2002లో కేరళ శివాలయం కేసులో, ఈళవ పూజారి విషయంలో సుప్రీంకోర్టు చెప్పిన మాట ఈ మనవళ్ల చెవిన పడినట్టు లేదు.

అర్చకులైనా నయం, పేపర్లో పడతారు. చెప్పుల స్టాండు దగ్గర టోకెన్లిచ్చే ఆయన్ని, తెల్లారుజామున ప్రాకారం ఊడ్చే ఆమెను, కల్యాణానికి సన్నాయి పట్టే ఆయన్ని ఎవరడుగుతారు? చాలామంది ఏ నాయకుడి సిఫారసు చీటీతోనో, దినకూలీ కిందో చేరినవాళ్లే. నోటిఫికేషను ఉండదు, రోస్టరు ఉండదు, మస్టరు మాత్రం ఉంటుంది. 1994 నాటి 212 జీవో, 1993 నవంబరు 25 నాటికి అయిదేళ్లు నిండినవాళ్లను క్రమబద్ధం చేయొచ్చంది. ఆ తేదీకి నాలుగేళ్ల పదకొండు నెలలు చేసినవాడి ఖర్మ! ఆపైన 2006లో ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు తీర్పు వచ్చి, దొడ్డిదారిన వచ్చినవాళ్లకు పర్మనెంటు హక్కు లేదంది. తీర్పును తప్పుపట్టను. కానీ ఆ దొడ్డి తలుపు గడియ తీసిందెవరు? నోటిఫికేషను లేకుండా పనిలో పెట్టుకున్నదీ ఆఫీసే, ఇరవై ఏళ్లు ఊడ్పించుకున్నాక "నోటిఫికేషను లేకుండా వచ్చావు" అని కౌంటరు వేసేదీ ఆ ఆఫీసే. ఆ కౌంటరు రాసిన వకీలు ఫీజు దేవస్థానం ఖాతాలోంచే పోతుంది, అంటే మన హుండీ డబ్బు.

అన్నదానానికి వెయ్యినూటపదహార్లిచ్చిన వాళ్ల పేర్లు కూడా పాలరాతి మీద చెక్కిస్తున్నారు కదా, పక్కన ఇంకో పలక పెట్టించండి. మంజూరైన పోస్టులెన్ని, ఖాళీలెన్ని, ఎవరు ఏ నోటిఫికేషనుతో వచ్చారు, కోర్టు ఖర్చు ఎంతయింది రాయించండి. ఈసారి హుండీ దగ్గర నిలబడ్డప్పుడు ఈవోగారి గదిలోకి తొంగిచూసి, ఆ పలక ఎప్పుడు పెడతారో అడిగి రండి.