చెయ్యెత్తితే చాలన్నారు

మీ దగ్గర దాపరికమెందుకు? నాగాయలంక వైపు మా పొలంలో రెండడుగుల గట్టు కోసం సొంత పెదనాన్న కొడుకు మీద దావా వేసిన మహానుభావుణ్ణి నేను. 1977 నవంబరు 19 ఉప్పెన మా దివిసీమలో మనుషుల్నే మిగల్చలేదు, ఇక సరిహద్దు రాళ్ళెంత? బతికి బట్టకట్టినందుకు దణ్ణం పెట్టుకోవాల్సిన ఇంట్లో, కొన్నేళ్ళకి నాకు రాయి గుర్తొచ్చింది.

అవనిగడ్డ కోర్టులో ఆ రోజు నా సాక్ష్యం. వారం ముందునుంచీ అద్దం ముందు నిలబడి క్రాసుకి జవాబులు వల్లించాను. మా ఆవిడే ఎదుటి ప్లీడరు. మొదటి ప్రశ్నకే నా నోరు మూయించింది, అది వేరే సంగతి. గంజి పెట్టిన లాల్చీ, జేబులో రెండు పెన్నులు. రాసేదేం లేదు, కోర్టు కదా అని.

మా ప్లీడరు గారికి అదే పూట బందరు జిల్లా కోర్టులో ఇంకో కేసు. "మీరు వరండా దాటకండి. పేరు పిలవగానే లోపలికెళ్ళి చెయ్యెత్తి టైమడగండి, చాలు" అని మరీ మరీ చెప్పారు. ఒకటో తరగతి పిల్లాడు చేసే పని.

కానీ వరండాలో నా లాల్చీని చూసేదెవరు? ఎదురుగా టీకొట్టు దగ్గర నలుగురున్నారు. వెళ్ళాను. ఒకాయన "ఏం కేసండీ?" అన్నాడు. ప్రకాశం బ్యారేజీ గేట్లన్నీ ఒక్కసారే లేచాయి. వినేవాడు దొరికితే మీరు మాత్రం ఊరుకుంటారా? గట్టు చరిత్ర, తాతల పంపకాలు, జడ్జిగారు నన్ను మెచ్చుకోబోయే మాట... బెంచీ మీద కాలు పెట్టి, వేలెత్తి, గొంతు పెంచి నేను చెబుతుంటే, అవతల బంట్రోతు ఒకసారి పిలిచాడట, రెండోసారి పిలిచాడట, మూడోసారి ఇంటిపేరుతో సహా అరిచాడట, అన్నయ్య తన ప్లీడరుతో లేచి నిలబడ్డాడట, వాది గైర్హాజరన్నారట, డిఫాల్టులో కొట్టేశారట. నేనింకా ముత్తాత దగ్గరే ఉన్నాను!

"పోతే పోయింది, కొత్త దావా పడేద్దాం" అన్నాను. ప్లీడరు గారు నవ్వలేదు. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడు, ఆర్డరు 9 అట. ప్రతివాది వచ్చి వాది రాక కొట్టేస్తే, అదే తగాదా మీద మళ్ళీ దావా వెయ్యడానికి వీల్లేదు. 30 రోజుల్లో తగిన కారణం చూపించి పాతదాన్నే లేపుకోవాలి. ఇద్దరూ రాకపోతే మాత్రం, గడువు దాటనంతవరకూ కొత్తది వేసుకోవచ్చట. చూశారా అన్యాయం? అన్నయ్యకీ ఆ రోజు ఓ టీ ఇప్పించి ఉంటే సరిపోయేది!

సిగ్గుతో 28 రోజులు అటు పోలేదు. 29వ రోజున వేసిన అఫిడవిట్లో, "బయట ఉన్నందున పిలుపు వినపడలేదు" అని రాయించాం. దానికి అన్నయ్య కౌంటరు: "వాదికి పిలుపు వినపడకపోవచ్చు గానీ, వాది గొంతు కోర్టు హాలంతా వినపడింది."

ప్రతివాదికి ఖర్చులు కట్టాలన్న షరతు మీద దావా లేచింది. నోట్లు లెక్కపెట్టి చేతిలో పెడితే, "రారా తమ్ముడూ" అని అన్నయ్య అదే కొట్టుకి లాక్కెళ్ళి, ఆ డబ్బులోంచే టీ ఇప్పించాడు. సగం తాగామో లేదో, వరండాలోంచి బంట్రోతు కేక. ఇద్దరం గ్లాసులు వదిలేసి ఒకటే పరుగు.

పిలిచింది మమ్మల్ని కాదు.