సేవ్‌రావు గారి కొత్త పీసీ

ఇలాంటాయన ప్రతి ఆఫీసులోనూ ఒకరుంటారు, ప్రతి అపార్ట్‌మెంట్లోనూ ఒకరుంటారు. వయసు నలభైకి అటూ ఇటూ. జుట్టు పల్చబడింది, ఈఎంఐలు చిక్కబడ్డాయి. పిల్లాడి స్కూలు ఫీజుకు ఆఖరు తేదీ ఎప్పుడో చెప్పలేరు గానీ, వైస్ సిటీ గేములో తన ఎనిమిదో సేవ్ స్లాటులో ఏముందో నిద్రలో లేపి అడిగినా చెబుతారు. అసలు పేరు ఏదైతేనేం, మనం సేవ్‌రావు గారు అనుకుందాం.

గేమర్లు వేరు, సేవ్‌రావు గారు వేరు. గేమరన్నవాడు ఆడతాడు, గెలుస్తాడు, లేదంటే విసుగెత్తి వదిలేస్తాడు. మన రావు గారు ఆడటం మానేసి చాలా కాలమైంది. ఎంతవరకు ఆడారో అంతవరకూ భద్రంగా ఉందా లేదా చూసుకోవడమే ఇప్పుడాయన పని. మామూలు రోజుల్లో ఈ గుణం బయటికి కనబడదు. కొత్త పీసీ కొన్నప్పుడు బయటపడుతుంది.

కొనడానికి ఈమధ్య మంచి సాకు కూడా దొరికింది. 2025 అక్టోబర్ 14తో విండోస్ 10కి మైక్రోసాఫ్ట్ మామూలు సపోర్టు ఆపేసింది. విండోస్ 11 ఎక్కాలంటే టీపీఎం 2.0 ఉండాలి, పాత పీసీలో అది లేదు. ఈ ముక్క ఆ ఇంట్లో పొద్దున కాఫీతో మొదలై రాత్రి మజ్జిగన్నం దాకా వినబడుతుంది.

"లేకపోతే ఏమవుతుందండీ?" అంటుంది ఇల్లాలు.

"సెక్యూరిటీ ఉండదు."

"దొంగలెత్తుకుపోయేంత ఏముందని అందులో?"

"ఇరవయ్యేళ్ల కష్టం ఉంది."

పాపం, ఆవిడ ఆఫీసు పని అనుకుని ఒప్పేసుకుంది.

ఒప్పుకున్న మర్నాడే సికింద్రాబాద్ చెనాయ్ ట్రేడ్ సెంటర్‌లో తేలతారు. అక్కడ మెట్ల కింద నుంచి పై అంతస్తు దాకా కంప్యూటర్ సామాన్ల షాపులే. పిల్లాడి చదువు కోసమని చెప్పి, మార్కెట్లో ఉన్నవాటిలో ఖరీదైన గ్రాఫిక్స్ కార్డు చూపించమంటారు. "ఏ క్లాసు సార్ బాబు?" అంటాడు షాపతను. "నాలుగు," అంటారు. గ్రాఫిక్స్ కార్డు లేనిదే చదువు రాని నాలుగో క్లాసు పిల్లల తండ్రులు అతనికి కొత్తేమీ కాదు. నవ్వకుండా బిల్లు రాస్తాడు.

ఈ సేవ్‌ల పిచ్చి ఎక్కడ పుట్టిందో తెలియాలంటే కరెంటు కోతల కాలానికి వెళ్లాలి. రావు గారు మొదట ఆడింది డేంజరస్ డేవ్. అందులో దాచుకోవడమన్న ప్రసక్తే లేదు, పోయిన ప్రాణం పోయినట్టే. ఆ తర్వాత ప్రిన్స్ ఆఫ్ పర్షియా. రాకుమారిని కాపాడటానికి మొత్తం 60 నిమిషాలు గడువు. మూడో లెవెల్‌కు చేరాక కంట్రోల్, జి కలిపి నొక్కితే ఆట దాచుకోవచ్చని పక్కింటి ఇంజనీరింగ్ అన్నయ్య చెవిలో చెప్పాడు. ఉపనయనంలో చెప్పిన మంత్రం మర్చిపోయారు గానీ ఇది మర్చిపోలేదు. అసలు దెబ్బ తగిలింది 2000లో వచ్చిన ప్రాజెక్ట్ ఐజీఐతో. అందులో మిషన్ మధ్యలో సేవ్ చేసుకునే వీల్లేదు. మనకేమో కోత ఉంది. గంటసేపు పొదల్లో పాకి, కెమెరాలు తప్పించుకుని, కంచెలు కత్తిరించి, ఆఖరి గేటు దగ్గరికి చేరేసరికి ఫ్యాను తిరగడం ఆగేది. ఆ శబ్దం ఆగడం విన్నవాళ్లకు మిగతా జీవితంలో దేని మీదా నమ్మకం కుదరదు.

అందుకే వైస్ సిటీ వచ్చినప్పుడు ఆయనకది గేమ్‌లా అనిపించలేదు, బ్యాంకులా అనిపించింది. హోటల్ గదిలో గాల్లో తిరుగుతూ ఒక గులాబీ రంగు క్యాసెట్. దాని మీదికి నడిచి వెళ్తే చాలు, ఆట పదిలం. ఎనిమిది స్లాట్లు. మిగతా కుర్రాళ్లు కార్లు ఎత్తుకుపోతూ, పోలీసులతో తన్నులు తింటూ ఊరంతా తిరుగుతుంటే, ఈయన ఒక మిషన్ పూర్తి చేయడం, హోటల్‌కు రావడం. ఇంకో మిషన్, మళ్లీ హోటల్. సాన్ ఆండ్రియాస్‌లో క్యాసెట్ పోయి ఫ్లాపీ బొమ్మ వచ్చింది. భక్తి మాత్రం మారలేదు.

ఇప్పుడు అసలు ఘట్టం, తరలింపు. దీనికి శుక్రవారం సెలవు పెడతారు. కారణం దగ్గర "ఫ్యామిలీ ఎమర్జెన్సీ" అని ఉంటుంది. ఆఫీసు టైములోనే తయారుచేసిన ఎక్సెల్ షీటు ఒకటి ఉంటుంది. గేమ్ పేరు, సేవ్ ఉన్న ఫోల్డరు, ఎన్ని ఎంబీలు, ఆట ఎంత శాతం అయింది, ఇవీ గడులు. పెళ్లి ఫోటోలు ఏ డ్రైవులో ఉన్నాయని మాత్రం అడగకండి. న్యూ ఫోల్డర్ల వరుసలో ఎక్కడో ఉంటాయి.

ఆయన పక్షాన ఒక మాట చెప్పాలి. సేవ్ ఫైళ్లు వెతకడం నిజంగానే ఒక విద్య. గేమ్ మొత్తం ఒకచోట ఉంటే, దాని సేవ్ తరచూ ఇంకోచోట ఉంటుంది. స్కైరిమ్ సేవ్‌లు డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్ అనే ఫోల్డర్లో. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2 పాత వెర్షన్‌వి గేమ్ ఇన్‌స్టాల్ చేసిన చోటే. విస్టా కాలంలో మైక్రోసాఫ్ట్ వాళ్లు ఇందుకోసమే సేవ్డ్ గేమ్స్ అని ప్రత్యేకంగా ఒక ఫోల్డరు పెట్టించి ఇచ్చారు. సైబర్‌పంక్ 2077 లాంటివి అందులో దిగాయి గానీ, చాలా గేములు ఆ గడప తొక్కలేదు. మిగిలినవి ఎక్కువగా యాప్‌డేటాలో దాక్కుంటాయి. ఆ ఫోల్డరును విండోస్ మామూలుగా కంటికి కనబడనివ్వదు. కనబడేలా చేసి లోపలికి వెళ్తే మూడు గదులు: లోకల్, లోకల్‌లో, రోమింగ్. రెండోది ఆరో విభక్తి కాదు, ఫోల్డరు పేరే అంత. ఏ గేమ్ ఏ గదిలో పడుకుందో పైనుంచి చెప్పలేం. స్టార్‌డ్యూ వ్యాలీ, మైన్‌క్రాఫ్ట్, ఎల్డెన్ రింగ్ రోమింగ్‌లో. కొన్ని గేములైతే ఫోల్డర్లన్నీ కాదని రిజిస్ట్రీలోకి దూరతాయి. వాటి పేరెత్తితే రావు గారు కళ్లు మూసుకుని కాసేపు మాట్లాడరు.

పెన్‌డ్రైవ్ ఘట్టానికి బావమరిది సాక్షి. పాపం, భోజనానికి పిలిస్తే వచ్చాడు. 32 జీబీ పెన్‌డ్రైవులో సగానికి పైగా ఖాళీ. 6 జీబీ ఫైలు ఒకటి అందులోకి లాగితే, ఫైలు చాలా పెద్దది, పట్టదు పొమ్మంది.

"బావా, అంత ఖాళీ ఉంది కదా, ఎందుకు పట్టదు?"

అడక్కూడని ప్రశ్న అడిగాడు. పెన్‌డ్రైవ్ ఫ్యాట్32లో ఫార్మాట్ అయిందని, ఆ పద్ధతిలో ఒక్కో ఫైలు 4 జీబీ దాటకూడదని, ఎంత ఖాళీ ఉన్నా ఇంతేనని, ఎన్‌టీఎఫ్‌ఎస్‌కో ఎక్స్‌ఫ్యాట్‌కో మార్చి మళ్లీ ఫార్మాట్ చేయాలని, ఫార్మాట్ చేస్తే లోపలున్నవన్నీ చెరిగిపోతాయని, కాబట్టి ముందు వాటిని ఇంకోచోట పెట్టాలని, ఆ ఇంకోచోటు ఎక్కడో ఇంకా తేలలేదని చెప్పుకుంటూ పోయారు. సాంబారు రెండుసార్లు వేడి చేశారు.

బావమరిదీ తక్కువవాడు కాదు. "ఇదంతా ఎందుకు బావా? స్టీమ్‌లో గేములు ఒకే వైఫైలో ఉన్న పాత పీసీ నుంచి కొత్త పీసీకి నేరుగా వచ్చేస్తాయిగా. 2023లోనే పెట్టారు," అన్నాడు. రావు గారు అతని వంక జాలిగా చూశారు. "వచ్చేది గేమ్. సేవ్ కాదు." సేవ్‌లకు స్టీమ్ క్లౌడ్ ఉంది కదా అన్నాడు. ఉంది, 2008 నుంచి ఉంది, కానీ అన్ని గేములకూ లేదు. ఉన్నవాటికైనా క్లౌడును నమ్మేదెవరు? రెడ్ డెడ్ రిడెంప్షన్ 2కి 150 జీబీ చోటు కావాలి. పోతే పోయింది, రాత్రంతా డౌన్‌లోడ్ పెడితే మళ్లీ వస్తుంది. పట్టుమని పది ఎంబీలు లేని సేవ్ పోతే, ఏ సర్వరూ తెచ్చివ్వలేదు. అత్తారింటి నుంచి ఆవకాయ జాడీ తెచ్చేవాడిలా, సేవ్‌లన్నీ ఎక్కించిన హార్డ్‌డిస్కును ఒళ్లో పెట్టుకుని కూర్చునేది అందుకే.

కాపీ నడుస్తున్నంతసేపూ ఇంట్లో ఆంక్షలుంటాయి. మిక్సీ వేయకూడదు, గీజరు ముట్టుకోకూడదు. ఎంసీబీ పడిపోతే? దోసెల్లోకి చట్నీ లేదు, కారప్పొడితో సర్దుకోవాలి. తెర మీద మాత్రం ఇంకా 2 గంటలు అంటుంది, అంతలోనే 19 నిమిషాలు అంటుంది, వెంటనే ఒక రోజు అంటుంది. ఆయన దాన్ని నమ్మరు, అలాగని కళ్లు తిప్పుకోరు.

అన్నిటికంటే పెద్ద పరీక్ష ఒకటుంది. కొత్త పీసీలో గేమ్ తెరవగానే స్టీమ్ ఒక పెట్టె చూపిస్తుంది. ఈ పీసీలో ఉన్న సేవ్, క్లౌడులో ఉన్న సేవ్ ఒకటి కావు, ఏది ఉంచమంటారు? ఒకటి ఉంచితే రెండోది గల్లంతు. తొందరపడి కొత్త పీసీలోని ఉత్త ఫైలును ఎంచుకున్నవాళ్లు, అది పైకి వెళ్లి క్లౌడులోని అసలుదాన్ని మింగేశాక గోల పెట్టడం మామూలే. రావు గారు అంత సులభంగా దొరకరు. మౌసు మీద నుంచి చెయ్యి తీసేస్తారు. ఫోనుతో తెరకు ఫోటో తీస్తారు. రెండు తేదీలూ పైకి చదువుతారు. బాల్కనీలోకి వెళ్లి ఒక చుట్టు చుట్టి వస్తారు. "ఏమైందండీ, ఆఫీసు నుంచి ఏమన్నా..." అని ఆవిడ కంగారు పడుతుంది. "ఏం లేదు. రెండిట్లో ఏది నిజమో తేలడం లేదు," అంటారు.

చివరికి అన్నీ చేరాయి. ఇక ఆడతారనుకుంటారు మీరు. వైస్ సిటీ తెరిచారు, ఎనిమిదో స్లాటు లోడ్ చేశారు. మనిషి ఉన్నాడు, డబ్బుంది, కార్లున్నాయి. నాలుగడుగులు నడిపించి మళ్లీ క్యాసెట్ దగ్గరికి తెచ్చి, సేవ్ చేసి, మూసేశారు. క్రికెట్ 07లో సగంలో ఆపిన టోర్నమెంట్ తెరిచి, స్కోరు చూసి, మూసేశారు. స్కైరిమ్ తెరిస్తే అది కాస్త మొరాయించింది. మోడ్లు కొన్ని రాలేదు, ఈ సేవ్‌కు కావలసిన సరుకు ఇప్పుడు ఇక్కడ లేదని హెచ్చరించింది. రాత్రి ఒంటిగంట దాకా ఆ మోడ్లన్నీ ఏరి తెచ్చి, పాత వరుసలోనే పేర్చి, హెచ్చరిక రాకుండా చేసి, మూసేశారు. 2011లో వచ్చిన ఆ గేమ్‌లో ప్రధాన కథ ఆయనకింకా సగం కూడా కాలేదు.

"మరి ఆడరా నాన్నా?" అన్నాడు నాలుగో క్లాసు.

"ఇప్పుడు కాదు నాన్నా. తీరిగ్గా."

అప్పుడు వచ్చారు పెద్దావిడ. రావు గారి అమ్మగారు. కీళ్ల నొప్పులొచ్చి బయటికి వెళ్లడం తగ్గాక, మధ్యాహ్నం భోజనమయ్యాక పీసీ ముందు కూర్చుని సాలిటేర్ పేకముక్కలు పేర్చడం ఆవిడకు అలవాటు. రోజువారీ పందేలు కూడా వదలకుండా ఆడతారు. కొత్త కుర్చీలో సర్దుకుని, కళ్లజోడు పెట్టుకుని తెర వంక చూశారు.

"ఒరే నాన్నా, నా ఆటలన్నీ ఏవిరా? మొదటి నుంచి చూపిస్తోందే?"

సేవ్‌రావు గారి చేతిలో కాఫీ గ్లాసు అలాగే ఆగిపోయింది. ఎక్సెల్ షీటులో సాలిటేర్ లేదు. మైక్రోసాఫ్ట్ అకౌంటుతో సైన్ ఇన్ అయి ఉంటే ఆ లెక్కలన్నీ వాటంతటవే వచ్చేసేవి.

"అమ్మా, సైన్ ఇన్ అవమని అది అడగలేదూ?"

"రోజూ అడిగేది. అలాంటివి అడిగితే ఇంటూ గుర్తు నొక్కెయ్యమని నువ్వేగా చెప్పావు!"

ఆ రాత్రి ఆయన నిద్రపోలేదు. పాత పీసీకి మళ్లీ వైర్లు బిగించి, యాప్‌డేటాలో మూడు గదులూ గాలించారు. లోపల పొడుగాటి పేర్లతో ఉన్న ఫోల్డర్లు ఒక్కొక్కటీ తెరిచి చూశారు. కాపీ చేసి కొత్తదాంట్లో పెడితే అది ససేమిరా ఒప్పుకోలేదు. తెల్లారి ఎర్రబడ్డ కళ్లతో తల్లి దగ్గరికి వెళ్లి, "అమ్మా, నీది తేలేకపోయాను," అన్నారు.

"పోతే పోయిందిలేరా," అన్నారావిడ, తెర మీంచి చూపు తిప్పకుండా. అప్పటికే పన్నెండో ఆటలో ఉన్నారు.

కొత్త పీసీ కొన్న పాఠకులకు నా విన్నపం ఒకటే. పాతదాన్ని ఆ వారమే ఫార్మాట్ చేసి అమ్మేయకండి, కనీసం ఒక నెల అటక మీద ఉండనివ్వండి. ఇంట్లో ఎవరెవరు ఏమేం ఆడుతున్నారో ముందుగా అడిగి రాసుకోండి. ఇక ఈ పనికి సాయం చేస్తానని సేవ్‌రావు గారే మీ ఇంటికి వస్తే కాదనకండి, ఆయన కంటే బాగా చేసేవాళ్లు దొరకరు. కాకపోతే రాగానే భోజనం పెట్టేయండి. ఫ్యాట్32 దాకా వెళ్లాక ఆయన తినరు, మిమ్మల్నీ తిననివ్వరు.