మేస్త్రీ వ్యాకరణం

ముప్పై నాలుగేళ్లు బడిపిల్లలకు తెలుగు చెప్పాను. భూత, భవిష్యత్, వర్తమాన కాలాలే కాదు, తద్ధర్మార్థకం కూడా చెప్పాను. ‘సూర్యుడు తూర్పున ఉదయిస్తాడు’ అంటామే, అది. నిన్నా నేడా రేపా అన్న పట్టింపు లేకుండా స్వభావాన్ని మాత్రమే తెలిపే క్రియ. ఇన్ని తెలిసినవాణ్ని, రిటైరయ్యాక నాలుగు సెంట్ల స్థలంలో ఇల్లు మొదలుపెట్టేదాకా ‘వస్తాను’ అన్న చిన్న మాటకు అర్థం తెలుసుకోలేకపోయాను.

మాది రాజమహేంద్రవరం. 2019 జూన్‌లో, జ్యేష్ఠమాసం దాటకుండా శంకుస్థాపన చేశాం. మేస్త్రీ కొబ్బరిచిప్ప చేత్తో పట్టుకుని, “ఉగాదికి పాలు పొంగించేద్దామండి మేస్టారూ” అన్నాడు. వేళ్లు మడిచి చూసుకున్నాను. తొమ్మిది నెలలు. మనిషే తయారై బయటికొచ్చే వ్యవధి, మూడు గదుల ఇల్లు రాదా అనుకున్నాను.

మనవాళ్లు ఎవరింటి నుంచైనా బయల్దేరేటప్పుడు ‘వెళ్తాను’ అనరు. అశుభం. ‘వస్తాను’ అంటారు. మా మేస్త్రీ పద్ధతైన మనిషి. సాయంత్రం ఐదున్నరకు తాపీ కడిగి, గుడ్డసంచిలో వేసుకుని, “వత్తానండి” అని సైకిలెక్కేవాడు. నేను దాన్ని భవిష్యత్కాలం అనుకుని మర్నాడు ఏడింటికల్లా ఫ్లాస్కుతో టీ పట్టుకెళ్లి ఇటుకల మీద కూర్చునేవాణ్ని. టీ చల్లారేది. చల్లారిన టీ నేనే తాగేవాణ్ని. మూడో వారానికి బోధపడింది, అది భవిష్యత్తు కాదు, తద్ధర్మార్థకమని. రావడం ఆయన స్వభావం. ఏ రోజు వస్తాడన్నది వ్యాకరణానికి సంబంధించిన విషయం కాదు.

మిగతా మాటలకూ క్రమంగా అర్థాలు రాసుకున్నాను. ‘దారిలో ఉన్నానండి’ అంటే నిజంగానే దారిలో ఉంటాడు, ఆ దారి ఎవరి సైటుకో మాత్రం చెప్పడు. ఫోన్లో వెనక నుంచి మిక్సరు చప్పుడు వినిపిస్తుంది. ‘ఒక్క పూట పనండి’ అన్నది రూపంలో ఏకవచనం, అర్థంలో బహువచనం. ‘అయిపోయినట్టేనండి’ అన్నదాన్ని ఏ కాలంలో వేయాలో చిన్నయసూరి గారి బాలవ్యాకరణం మొత్తం తిరగేసినా తేలలేదు. అయిపోయిందా అంటే లేదు. కాలేదా అంటే ‘అయిపోయినట్టే’.

ఇంతలో ఇసుక ఆగింది. గోదావరి ఒడ్డున పుట్టి పెరిగినవాడు ఇసుక కోసం దేవులాడాల్సి వస్తుందని ఏ జ్యోతిష్కుడూ చెప్పలేదు. ఆ వర్షాకాలం ఒకవైపు ఇసుక అమ్మే పాత పద్ధతి పోయి కొత్త పద్ధతి కుదురుకోలేదు, ఇంకోవైపు గోదారి పొంగి రేవులు మునిగాయి. రోజూ పొద్దున్నే దవళేశ్వరం నీటిమట్టం చూడటం నాకు సంధ్యావందనమైంది. 11.75 అడుగులైతే మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75కు రెండోది, 17.75కు మూడోది. ఊరంతా వరద తీయాలని మొక్కుకుంటుంటే నేనూ మొక్కుకున్నాను గానీ, నా మొక్కు రెండు ట్రాక్టర్ల ఇసుక కోసమని ఆ గోదారమ్మకు తెలియకుండా ఉండదు.

మా ఆవిడ ఒకరోజు భోజనాల దగ్గర, “ఏవండీ, కాటన్ దొర ఆనకట్ట ఎన్నేళ్లలో కట్టాడూ?” అంది. పాఠం చెప్పినవాణ్ని కదా, ఉత్సాహంగా, “1847లో మొదలెట్టి 1852లో పూర్తిచేశాడు” అన్నాను. “అంత గోదారికి అడ్డంగా ఐదేళ్లు. సరే, మనకింకా టైముంది లెండి” అని చారు వడ్డించింది.

ఇటుకల పక్కనే గెడకర్రకు దిష్టిబొమ్మ కట్టాం. ఎండుగడ్డి ఒళ్లు, కుండ తల, కుండకు సున్నంబొట్లు, ఒంటికి నా పాత చారల చొక్కా. ఇసుక ఆగిన రోజుల్లో సైటులో హాజరు తప్పకుండా పడేది ఆ బొమ్మ ఒక్కటే. దూరం నుంచి చూసినవాళ్లు నేనే అనుకుని, “మేస్టారూ, ఎండలో నిలబడతారేంటండీ, నీడకు రండి” అని కేకేసేవారు. ఇల్లు పూర్తయ్యేసరికి దానికి మూడు చొక్కాలు మార్చాను. నాకు ఒక్కటీ కొనలేదు.

నేనొక నోటుపుస్తకం పెట్టాను. పని ఆగిన ప్రతి రోజుకూ తేదీ, కారణం. మొదట్లో ఎక్కువ పేజీల్లో ‘మేస్త్రీ రాలేదు’ అని ఎర్రసిరాతో ఉండేది. అక్టోబరులో ఒక సాయంత్రం పనేమీ లేని రోజున ఆయనే వచ్చాడు. తాపీ సంచి లేదు. ఇటుకల మీద కూర్చుని, “ఇసక లేదు గదండి, మూడు వారాలైంది ముట్టుకుని. గోడో గట్టో, చిన్న మరమ్మత్తు ఎక్కడైనా ఉందంటే చెప్పండి మేస్టారూ” అన్నాడు. నేను అద్దె రెండుచోట్ల కడుతున్నట్టు బాధపడుతుంటే, ఆయనకు అసలు పొయ్యే వెలగడం లేదు. ఆ రోజు పేజీలో ‘మేస్త్రీ వచ్చాడు, ఇసుక రాలేదు’ అని నల్లసిరాతో రాశాను.

2020 మార్చి మూడో వారంలో శ్లాబు పడింది. శ్లాబు మీద సిమెంటు గట్లు పెట్టి, వరిమడుల్లా చేసి నీళ్లు నిలిపాం. ఉగాదికి పాలు పొంగుతాయన్న మాట అప్పటికే ‘శ్లాబు పొంగుతుంది’ దాకా దిగింది. ఆ ఉగాది మార్చి 25న వచ్చింది. దాంతోపాటే లాక్‌డౌనూ వచ్చింది. మేస్త్రీ ఫోన్‌చేసి, “వత్తానండి” అన్నాడు. ఆయన జీవితంలో అబద్ధమని ముందే ఒప్పుకుని చెప్పిన మాట అదొక్కటే.

శ్లాబును మామూలు సిమెంటుతో వేస్తే కనీసం 7 రోజులు, బూడిద కలిపిన పీపీసీ సిమెంటుతో అయితే 10 రోజులు తడి ఆరనివ్వకూడదు. నేను నెలన్నర తడిపాను. కూరగాయలకు వదిలిన ఉదయపు గంటల్లో సంచి పట్టుకుని బయల్దేరి, ముందు నా మడులకు నీళ్లు పెట్టి, ఆ తర్వాతే బెండకాయలకు వెళ్లేవాణ్ని. ఊళ్లో అంత తడిసిన శ్లాబు ఇంకోటి లేదు. ఇప్పటికీ వానాకాలం పైకప్పులో చెమ్మ కనబడదు. ఆలస్యం వల్ల బాగుపడింది మా ఇంట్లో అదొక్కటే.

ఆ తర్వాత పంచాంగం అందుకుంది. సింహద్వారం ఎత్తుదామంటే సెప్టెంబరులో అధిక ఆశ్వయుజం. గోడలూ గచ్చూ అయ్యి, గృహప్రవేశం చేద్దామంటే 2021 జనవరిలో గురు మూఢం. అది వదలగానే శుక్ర మూఢం, మే మొదటి వారందాకా. గ్రహం సూర్యుడికి మరీ దగ్గరై మన కంటికి కనబడకుండా పోవడమే మూఢమని పంతులుగారు వివరించారు. గ్రహాలు కూడా మా మేస్త్రీలాగే ఫోనెత్తడం మానేశాయన్నమాట. మేలో మళ్లీ కరోనా, ఆ వెనక ఆషాఢం. చివరికి శ్రావణంలో పాలు పొంగాయి. మొత్తం ఇరవై ఆరు నెలలు.

పాలు పొంగిన వారానికి తీరిగ్గా నోటుపుస్తకం లెక్కేశాను. అనుకున్న దానికన్నా పదిహేడు నెలలు ఎక్కువ. ‘ఆలస్యమైంది’ అన్న వాక్యంలో కర్త కనబడడు. కనబడని కర్తను వెతకమని పిల్లల చెవులు మెలేసినవాణ్ని, నేనే వెతికాను. ఇసుక మూడు నెలలు. కరోనా రెండు విడతలూ కలిపి ఐదు. ముహూర్తాలు మూడు. మేస్త్రీ, ఎర్రసిరా పేజీలన్నీ కూడినా, రెండు. మిగతా నాలుగు?

ఆ నాలుగూ పెన్సిలుతో, చిన్న అక్షరాల్లో రాసి ఉన్నాయి. డల్లాస్ నుంచి మా అబ్బాయి వీడియోకాల్‌లో వంటింటికి గోడ వద్దన్నాడని గోడ పడగొట్టాం. పోపు వాసన దేవుడి గదిదాకా వస్తోందని మా ఆవిడ అంటే మళ్లీ కట్టాం. మెట్లు పద్దెనిమిది వచ్చాయి, బేసి సంఖ్య ఉండాలని మా బావమరిది వచ్చి చెబితే కింద రెండు మెట్లు పగలగొట్టి మూడు చేశాం, తొమ్మిది రోజులు. మంచం ఇటు తిప్పితే స్విచ్చిబోర్డు తలవెనక్కి పోయిందని గోడలు తవ్వించాను, ప్లాస్టరింగ్ అయ్యాక. ఆ రోజు మేస్త్రీ ఏమీ అనలేదు. తాపీ చేతిలో పెట్టుకుని నా వంక చూసి, “ఒక్క పూట పనేనా మేస్టారూ?” అన్నాడు. నా వ్యాకరణం నాకే అప్పజెప్పాడు.

ఇల్లు కట్టబోయేవాళ్లకు నేను చెప్పగలిగిందొకటే. నోటుపుస్తకం పెట్టండి. కాకపోతే ఎర్రసిరా మీ కోసం ఉంచుకోండి, మేస్త్రీకి పెన్సిలు చాలు.

గేటుకు రంగు ఇంకా పడలేదు. మేస్త్రీ వస్తానన్నాడు.