ముఖ్య అతిథి కాలమానం

సాహిత్యానికొకటి, సంగీత నాటకాలకొకటి, లలిత కళలకొకటి. ఒకప్పుడు మన రాష్ట్రంలో అకాడమీలకు కొదవ లేదు. తర్వాత వాటిని రద్దు చేసి, 1985లో తెలుగు విశ్వవిద్యాలయంలో కలిపేశారు. పెట్టినవారికి గానీ తీసేసినవారికి గానీ కాలం మీద ఒక అకాడమీ ఉంటే బాగుంటుందని తోచలేదు. ఆ లోటు తీర్చడానికే ఈ ప్రతిపాదన. కార్యాలయం కాకినాడలో పెడదాం. భారత ప్రామాణిక కాలమానానికి ఆధారమైన 82.5 డిగ్రీల తూర్పు రేఖాంశం ఆ ఊరికి కాస్త తూర్పుగా పోతుంది. 1906లో ఈ కాలమానం వచ్చినప్పుడు బొంబాయివాళ్లు మాకొద్దన్నారు, 1955 దాకా సొంత టైమే నడుపుకున్నారు. మనం కిక్కురుమనకుండా ఒప్పుకుని, ఇవాళ్టిదాకా సొంత టైమే నడుపుతున్నాం.

అకాడమీ తొలి పరిశోధన సభల మీద. ఆహ్వానపత్రంలో ‘సరిగ్గా ఉదయం 10 గంటలకు’ అని ఉంటుంది. ఆ ‘సరిగ్గా’ అచ్చుకూర్పులో అందం కోసం. పదింటికి హాల్లో కనిపించేది మైకు కుర్రాడు, బ్యానరు కడుతున్న ఇద్దరు, బస్సు దిగి నడిచొచ్చిన రిటైర్డ్ మాస్టారు. పదకొండుకి ప్రార్థనగీతం పాడాల్సిన పాప వాళ్లమ్మ ఒళ్లో నిద్రపోతుంది. స్వాగత నృత్యం పిల్లలు తెల్లారకముందే లేచి జడకుచ్చులు, గజ్జెలు కట్టించుకున్నవాళ్లు. మొహం మీద రంగు చెమటకి కారుతుంటుంది. నీళ్లు తాగితే పెదాల రంగు పోతుందని టీచరమ్మ కళ్లెర్రజేస్తే గొంతెండబెట్టుకుని కూర్చుంటారు. కుందిలో వత్తులు నానుతుంటాయి. శాలువాలు ఇంకా పాలిథిన్ కవర్లలోనే.

వ్యాఖ్యాత మాత్రం ఆగాగి మైకందుకుని ‘ముఖ్య అతిథిగారు మరో ఐదు నిమిషాల్లో మన మధ్య ఉంటారు’ అంటాడు. సీజియం పరమాణువు వికిరణం 919 కోట్ల 26 లక్షల 31 వేల 770 సార్లు కంపిస్తే ఒక సెకను అని 1967లో ప్రపంచమంతా కూర్చుని ఒప్పుకుంది. వ్యాఖ్యాతగారి ఐదు నిమిషాలకు ఎన్ని కంపనాలో ఎవరూ తేల్చలేదు. అకాడమీ తేల్చాలి. నాకు తెలిసినంతలో, ‘బయల్దేరారు’ అంటే స్నానానికి వెళ్లారని, ‘దారిలో ఉన్నారు’ అంటే చెప్పులేసుకుంటున్నారని, ‘గేటు దగ్గరికొచ్చేశారు’ అంటే ఇప్పుడే బయల్దేరారని.

పన్నెండుంబావుకి వారొస్తారు. అందరూ లేచి నిలబడాలి, ఆలస్యానికి అది మన మర్యాద. ‘సమయాభావం వల్ల క్లుప్తంగా రెండు మాటలు’ అని మొదలెట్టి ముప్పావుగంట మాట్లాడతారు. మరో కార్యక్రమం ఉందంటూ లేస్తారు. ఫొటోలవాళ్లు, అనుచరులు, సగం హాలు వారి వెంటే. అప్పుడు పొద్దుటినుంచీ కాచుకున్న కవుల వంతు. మనిషికి రెండు నిమిషాలు. మూడో చరణానికల్లా చేతిలో చీటీ పెడతారు.

మొన్నొక పెద్దాయన్ని ఇదేమిటండీ అంటే, ‘మనవాళ్లకి టైము పట్టింపు లేదులెండి, అది మన సంస్కృతి’ అన్నాడు. సంస్కృతి మీద ఇంతకన్నా పెద్ద అబద్ధం ఉండదు. ఘడియకు 24 నిమిషాలు, విఘడియకు 24 సెకన్లు అని లెక్కగట్టే పంచాంగం మనది. రాత్రి 2 గంటల 18 నిమిషాలకు సుముహూర్తమంటే నిద్రకళ్లతో ఊరంతా లేచి అక్షింతలు పట్టుకుని నిలబడుతుంది. ఎమ్మెల్యేగారు దారిలో ఉన్నారని జీలకర్ర బెల్లం ఆపిన పురోహితుణ్ణి మీరెప్పుడైనా చూశారా? అభిమాన హీరో సినిమాకి తెల్లవారుజాము ఆట అంటే, అంతకు గంట ముందే గేటు ఊగిపోతుంది. గడియారం చూడడం మనకు బ్రహ్మాండంగా వచ్చు. ఎవరి కోసం చూడాలి, ఎవరి కోసం చూడనక్కర్లేదు అన్నది ఇంకా బాగా వచ్చు.

నమ్మకపోతే ఇంటర్ పరీక్షలప్పుడు ఏ కేంద్రం దగ్గరికైనా వెళ్లండి. నిమిషం ఆలస్యమైనా అనుమతి లేదన్న నిబంధన ఏళ్ల తరబడి నడిచింది. ఎక్కాల్సిన బస్సు రాక, హాల్‌టికెట్ చేత్తో పట్టుకుని పరిగెత్తుకొచ్చిన పిల్ల మూసిన గేటు పట్టుకుని ఏడుస్తుంటే టీవీలో ఏటా చూశాం. క్రమశిక్షణ అన్నారు పెద్దలు. విమర్శలొస్తే 2024లో తెలంగాణలో ఐదు నిమిషాలు సడలించారు. అవి వ్యాఖ్యాతగారి ఐదు నిమిషాలు కావు, గడియారంలో ఐదే. పదిహేడేళ్ల పిల్లకి ఐదు నిమిషాలు, యాభై దాటిన పెద్దమనిషికి రెండుంబావు గంటలు. పైగా ఆ పెద్దమనిషి వచ్చి మాట్లాడేది చాలాసార్లు విద్యార్థులు, సమయపాలన గురించే.

నిర్వాహకులను అడిగితే జనం మీదకు తోసేస్తారు. జనం గంట లేటుగా వస్తారని వీళ్లు కార్డులో గంట ముందు వేస్తారు. అది తెలిసిన జనం రెండు గంటలు లేటుగా వస్తారు. జనం రాలేదని ఫోనులో కబురందుకుని అతిథి ఇంట్లోనే ఆగుతాడు. ఈ గణితంలో తప్పినవాడు ఒక్కడే, పదింటికొచ్చిన మాస్టారు.

మామూలు లెక్క చూద్దాం. హాల్లో 300 మంది, నిరీక్షణ రెండు గంటలు. మొత్తం 600 గంటలు, అంటే రాత్రింబవళ్లు కలిపి 25 రోజులు. ఒక్క మనిషి ఒక్క పూటలో పాతిక రోజుల ఆయుష్షు మింగేసి, శాలువా కప్పించుకుని వెళ్తున్నాడు.

అకాడమీ మంజూరయ్యేసరికి ఏ కాలమానంలో ఎన్నేళ్లు పడుతుందో చెప్పలేం. ఈలోగా పాఠకులకు ఒక విన్నపం. కార్డులో వేసిన టైముకే వెళ్లండి. పావుగంట చూడండి. వేదిక మీద దీపం వెలగకపోతే, పక్కవాళ్లకి నమస్కారం పెట్టి, పిల్లలుంటే వాళ్లకి మంచినీళ్లిచ్చి, లేచి ఇంటికొచ్చేయండి. ఖాళీ కుర్చీలనుద్దేశించి క్లుప్తంగా రెండు మాటలు మాట్లాడే అవకాశం ముఖ్య అతిథిగారికి ఒక్కసారైనా కల్పించండి.