సముద్రపు ఒడ్డున ఆస్కార్

గ్రీకు సినిమాకు ఎంతో పేరు తెచ్చిన ఛాయాగ్రాహకుడు గ్రీకువాడు కాదు. వాల్టర్ లాసలీ 1926లో బెర్లిన్‌లో పుట్టాడు. నాజీల జర్మనీని వదిలి 1939లో ఇంగ్లండ్ చేరి, లండన్‌లోని ఒక స్టూడియోలో క్లాప్ కొట్టే కుర్రాడిగా బతుకు మొదలుపెట్టాడు. 1956లో విడుదలైన ‘ఎ గర్ల్ ఇన్ బ్లాక్’ కోసం దర్శకుడు మైకేల్ కాకోయానిస్ పిలిస్తే గ్రీసు వెళ్ళాడు. ఆ ఎండ ఆయన్ని ఇక వదల్లేదు.

కెమెరామన్ల తలరాత ఎలా ఉంటుందో చూడండి. ‘టామ్ జోన్స్’ ఉత్తమ చిత్రంగా ఆస్కార్ గెలిచింది. దాన్ని చిత్రీకరించిన లాసలీకి కనీసం నామినేషన్ కూడా రాలేదు. ఆ మరుసటి ఏడాది, 1965లో, ‘జోర్బా ద గ్రీక్’ ఆ బాకీ తీర్చింది. నలుపు తెలుపు ఛాయాగ్రహణానికి ఆస్కార్ లాసలీకి దక్కింది.

ఆ సినిమాలో జోర్బాగా ఆంథొనీ క్విన్ చేసిన నాట్యమే అందరికీ గుర్తుంటుంది. నన్ను వెంటాడేది మాత్రం మదాం హోర్తెన్స్ అనే పాత్ర చావు. ఆమె ఇంకా కన్నుమూయకముందే నల్లబట్టల ముసలమ్మలు కాకుల్లా ఇంట్లోకి దిగుతారు. దుప్పట్లు, బట్టలు, గిన్నెలు, ఏది చేతికందితే అది లాక్కుపోతారు. చూస్తుండగానే గది బోసిపోతుంది. తెల్లటి గోడల మీద కదిలే ఆ నలుపును రంగుల్లో తీసి ఉంటే సగం భయం పోయేది. మనిషి కూడబెట్టినదంతా ఎంత తొందరగా మాయమవుతుందో లాసలీ కెమెరా రెప్ప వేయకుండా చూసింది.

ఆఖరి ఘట్టాన్ని క్రీటు దీవిలో, హనియా పట్నానికి దగ్గరున్న స్తావ్రోస్ తీరంలో తీశారు. కొండ మీంచి దుంగలు దించడానికి జోర్బా కట్టిన తీగదారి ప్రారంభోత్సవం నాడే కుప్పకూలుతుంది. పెట్టుబడి పెట్టిన ఇంగ్లీషువాడు అంతా పోగొట్టుకుంటాడు. ఆ ఇసుకలోనే జోర్బాను నాట్యం నేర్పమని అడుగుతాడు.

గ్రీసులో కెమెరా వదిలి దర్శకులైనవాళ్ళు ఉన్నారు. యోర్గోస్ పానుసోపులోస్ అలాంటివాడే. లాసలీ మాత్రం కెమెరానే పట్టుకుని ఊళ్ళు తిరిగాడు. శశికపూర్ నవాబుగా నటించిన ‘హీట్ అండ్ డస్ట్’ను చిత్రీకరించడానికి మన హైదరాబాదుకూ వచ్చాడు. 1983లో విడుదలైన ఆ చిత్రంలో మన పాత నగరపు వెలుగు ఎంత మెత్తగా ఉంటుందో చూసి తీరాలి.

చివరి ఏళ్ళలో ఆయన మళ్ళీ క్రీటుకే చేరి హనియా దగ్గర స్థిరపడ్డాడు. అప్పుడు ఒక పని చేశాడు. మరొకరైతే అద్దాల బీరువాలో పెట్టి తాళం వేసుకునే ఆస్కార్ బొమ్మను, స్తావ్రోస్ తీరంలో, జోర్బా ఆడిన ఇసుకకు దగ్గర్లోనే ఉన్న ఒక భోజన హోటల్‌కు ఇచ్చేశాడు. చేపల కూరకని వచ్చినవాళ్ళు కూడా దాన్ని చూడగలిగేవాళ్ళు. ఆస్కార్ గెలిచినవాళ్ళలో ఇంత అందమైన పని చేసినవాళ్ళు ఎందరుంటారు? ఆ బహుమతి తనదొక్కడిదే కాదని, ఆ కొండదీ, ఆ ఎండదీ కూడానని ఒప్పుకున్నట్టుగా ఉంటుంది నాకు.

‘బిఫోర్ మిడ్‌నైట్’ చూసినవాళ్ళకు అందులో గ్రీసు ఇంట్లో అతిథులతో భోజనానికి కూర్చున్న ముసలి రచయిత గుర్తుండే ఉంటాడు. ఆ ముసలాయన లాసలీయే. జీవితమంతా కెమెరా వెనక నిలబడ్డవాడు, ఎనభై అయిదు దాటాక దాని ముందుకు వచ్చి కూర్చున్నాడు. 2012 వేసవిలో ఆ షూటింగ్ జరిగేనాటికి ఆయన ఆస్కార్ లోకంలో ఎక్కడా లేదు. ఆ ఏడాది జనవరి 1న స్తావ్రోస్ హోటల్‌కు నిప్పంటుకుంది. బొమ్మ కూడా అందులోనే కాలిపోయింది.