వింటూ రాసేద్దాం!

రాసేవాళ్లకు తొందర, చెప్పే మాకేమో అంత తెలివి లేదు, కాబట్టి పదిహేను నిమిషాలు చాలు. 2008లో అమెరికాలో మొదలైన ‘రైటింగ్ ఎక్స్‌క్యూజెస్’ పాడ్‌కాస్ట్ తన గురించి తాను చెప్పుకున్న మాట ఇది. ఫాంటసీ, సైన్స్ ఫిక్షన్, హారర్ కథలు అల్లడమెలాగో రచయితలు బ్రాండన్ శాండర్సన్, డాన్ వెల్స్, హోవర్డ్ టేలర్ కూర్చుని మొదలుపెట్టిన ముచ్చట్లు. 2013లో ఈ పాడ్‌కాస్ట్ ఫాంటసీ, సైన్స్ ఫిక్షన్ రంగంలో ఇచ్చే హ్యూగో అవార్డు కూడా పట్టేసింది. ప్రతి ఎపిసోడ్ చివర్లో హోంవర్క్ ఇస్తారు, సాకులు ఆపి వెళ్లి రాసుకోమని తరుముతారు.

శ్రోత బుద్ధిమంతుడు, వెంటనే వెళ్తాడు. తర్వాతి ఎపిసోడ్‌లోకి! మంత్రశక్తికి హద్దులెందుకుండాలి, విలన్‌కు కూడా ఓ న్యాయం ఎందుకుండాలి, మొదటి పేరాలోనే పాఠకుడి చొక్కా ఎలా పట్టుకోవాలి... అన్నీ కంఠతా వచ్చు. ఆయనగారి డ్రాగన్ మాత్రం ఏళ్ల తరబడి గుడ్డులోనే ఉంది. పొదగడం గురించి ఇంకో రెండు సీజన్లు వినాలట.

ఇంట్లో కుదరట్లేదంటే దానికీ మందుంది. ఈ బృందం క్రూయిజ్ ఓడల మీద రచనా శిబిరాలు పెడుతూ వచ్చింది. నడిసముద్రంలో అయితే రాయక ఎక్కడికి పోతారనే ధీమా కాబోలు. పాపం, ఓడలో బఫే ఉంటుందని మరిచారు.

శాండర్సన్ మాత్రం కోవిడ్ రోజుల్లో గుట్టుచప్పుడు కాకుండా నాలుగు నవలలు అదనంగా రాసిపడేసి, 2022లో వాటి కోసం కిక్‌స్టార్టర్ అనే క్రౌడ్‌ఫండింగ్ వెబ్‌సైట్‌లో 4.1 కోట్ల డాలర్లకు పైగా రాబట్టారు. గురువుగారికి అంత తీరిక ఎక్కడిదంటారా? ఆ పాడ్‌కాస్ట్ ఆయన వినక్కర్లేదు కదండీ!